కొత్తపట్నం తీరాన యోహాను

ఒంగోలు నుంచి తూర్పుగా సముద్రం వైపు వెళ్లే దారిలో బకింగ్‌హాం కాలువ దాటాక వచ్చే కొత్తపట్నంలోనూ, ఆ చుట్టుపక్కల పల్లెల్లోనూ, ఎగువన గుంటూరు దాకా పరుచుకున్న పత్తి, మిరప నేలల్లోనూ యోహాను, జాన్, జాన్‌బాబు, జాన్ వెస్లీ అనే పేర్లు సుబ్బారావు, వెంకటేశ్వర్లు అనే పేర్లంత సహజంగా వినిపిస్తాయి. ఇవన్నీ ఒకే హీబ్రూ పేరుకు రూపాంతరాలని చర్చికి వెళ్లేవారిలో చాలామందికి తెలుసు. అయితే ఆ పేరు ఏయే దారుల్లో, ఎవరి వెంట ఈ తీరానికి చేరిందో, ఇక్కడివారు దాన్ని ఎందుకు తమ పేరుగా చేసుకున్నారో విచారిస్తే, భాషాచరిత్రతో పాటు ఈ ప్రాంతపు సామాజిక చరిత్ర కూడా కొంత బయటపడుతుంది.

ఆ పేరు మూలరూపం యోహానాన్. అందులో 'యో' అన్నది యెహోవా అనే దైవనామానికి సంక్షిప్త రూపం కాగా, 'హానాన్' అన్నది దయ చూపాడు, కనికరించాడు అనే అర్థమిచ్చే క్రియ. కనుక ఈ పేరు నిజానికి 'దేవుడు కనికరించాడు' అనే ఒక చిన్న వాక్యం. ప్రాచీన యూదుల పేర్లలో చాలావాటి నిర్మాణం ఇదే. యేసు పుట్టుకకు కొన్ని శతాబ్దాల ముందే ఈ పేరు వాడుకలో ఉందనడానికి పాత నిబంధనలో కనిపించే కారేహ కుమారుడైన యోహానాను అనే సేనాని సాక్ష్యం. అదే ధాతువు, అంటే క్రియకు మూలమైన భాగం, హన్నా అనే స్త్రీనామంలోనూ, దానియేలు చెలికాడైన హనన్యా పేరులోనూ ఉంది. మన క్రైస్తవ కుటుంబాల్లో వినిపించే అన్నమ్మ అనే పేరులో చాలాచోట్ల ఉన్నది ఈ హన్నాయే. హీబ్రూకు దగ్గరి చుట్టమైన ఫినీషియన్ భాషలో యెహోవాకు బదులు బాల్ అనే దేవుడి పేరు చేరితే హన్నిబాల్ అయింది. రోమును గడగడలాడించిన కార్తేజి సేనాపతికీ, కొత్తపట్నం యోహానుకూ పేరులో ఈ మేరకు బంధుత్వముంది. యోనాతాను మాత్రం వేరు, అందులో ఉన్నది 'ఇచ్చాడు' అనే క్రియ.

కొత్త నిబంధన గ్రీకు భాషలో రచితం కావడంతో పేరు మొదటి మార్పుకు లోనైంది. గ్రీకులో మాట నడుమ హకారం పలికే అలవాటు లేదు, పురుషనామాలకు చివర సకారాంత ప్రత్యయం చేరడమూ రివాజు, కాబట్టి యోహానాన్ కాస్తా ఇయోఆన్నేస్ అయింది. లాటిన్ పండితులు హకారాన్ని తిరిగి రాతలో నిలిపి యోహాన్నేస్ అన్నారు. అక్కడి నుంచి ఐరోపా అంతటా పేరు పాకిన తీరు, ఒకే ధ్వనిని ఒక్కొక్క జాతి నోరు ఎలా మలుచుకుంటుందో చూపుతుంది. జర్మన్లు యోహాన్ అని, దాని తోకను మాత్రం పట్టుకుని హాన్స్ అని పిలుచుకున్నారు. ఫ్రెంచివారి జెహాన్ క్రమంగా జ్యాఁ అయింది, నార్మన్ పాలకుల వెంట ఆ పేరే ఐర్లండుకు వెళ్లి షాన్ అయింది. ఇటలీలో జొవాన్ని, స్పెయిన్‌లో హువాన్, హంగరీలో యానోష్, స్లావ్ జాతుల నోట ఇవాన్, ఆర్మేనియాలో హోవ్‌హన్నెస్. ఇంగ్లీషువారు రాతలో హకారాన్ని నిలుపుకొని పలుకులో వదిలేసి జాన్ అన్నారు. జోన్, జేన్, జానెట్, ఇవానా వంటి స్త్రీనామాలూ, జాన్సన్, ఇవానోవ్, హాన్సెన్ వంటి ఇంటిపేర్లూ ఈ కొమ్మలకు పుట్టినవే.

ఇన్ని దేశాల్లో ఈ పేరు నిలవడానికి కారణం ఇద్దరు: యేసుకు యొర్దాను నదిలో బాప్తిస్మమిచ్చిన యోహాను ఒకరు, యేసు శిష్యుల్లో ఒకరై, నాలుగో సువార్తకు కర్తగా సంప్రదాయం చెప్పే యోహాను మరొకరు. మొదటి యోహానుకు పేరు పెట్టిన సందర్భాన్ని లూకా సువార్త వివరంగా చెబుతుంది: బంధువులు తండ్రి పేరు పెట్టబోగా తల్లి ఒప్పుకోలేదు, మీ వంశంలో ఆ పేరు ఎవరికీ లేదు కదా అని వారు అభ్యంతరం చెప్పారు, అప్పటికి మాట పడిపోయి ఉన్న తండ్రి జెకర్యా పలక అడిగి బిడ్డ పేరు యోహాను అని రాశాడు. ఖురాన్ పంతొమ్మిదో సూరాలోనూ అదే జకరియ్యా ఉన్నాడు, పుట్టబోయే కుమారుడి పేరు యహ్యా అని శుభవార్త ఉంది, ఆ పేరు అంతకు ముందు ఎవరికీ ఇవ్వలేదన్న మాట ఉంది. అరబ్బు క్రైస్తవులు యూహన్నా అంటారు, ముస్లింలు యహ్యా అంటారు, ఆ రెండో రూపంలో వారికి జీవించడం అనే అర్థం వినిపిస్తుంది. వంశంలో లేని కొత్త పేరు పెట్టడమన్న ఈ అంశాన్ని గుర్తుంచుకోవాలి. ఒంగోలు ప్రాంతంలో జరిగినదీ అలాంటిదే.

తెలుగులోకి ఈ పేరు రెండు దారుల్లో వచ్చింది. మొదటిది గ్రంథం దారి. తెలుగు కొత్త నిబంధన 1818లో అచ్చయింది; హల్లుతో ముగిసే పరభాషా పదానికి చివర ఉకారం చేర్చుకోవడం తెలుగు స్వభావం గనుక యోహాను అన్న రూపం స్థిరపడింది. హకారాన్ని రాతలోనూ పలుకులోనూ నిలుపుకొన్న ఈ రూపం, ఇంగ్లీషు జాన్ కంటే హీబ్రూ మూలానికి ఎంతో దగ్గర. రెండోది మనుషుల దారి. 1842 జూలై 31న గుంటూరు చేరి అక్కడ లూథరన్ మిషన్ నెలకొల్పిన హేయర్, జర్మనీలో యోహాన్‌గా పుట్టి అమెరికాలో జాన్ అయినవాడు. ఒంగోలులో బాప్టిస్టు మిషన్‌ను విస్తరింపజేసిన క్లౌ పూర్తి పేరు జాన్ ఎవరెట్ క్లౌ. సువార్త చదివి పెట్టిన పేరు యోహాను అయితే, దొర మీద గౌరవంతోనో, ఇంగ్లీషు బడుల ప్రభావంతోనో పెట్టిన పేరు జాన్ అయింది. మెథడిస్టు ఉద్యమ స్థాపకుడి పేరు జాన్ వెస్లీ, ఇక్కడ రెండు మాటలూ కలిసి ఒకే పేరైపోయాయి.

క్లౌ కాలాన్ని మరికొంత దగ్గరగా చూడాలి. 1876 నుంచి 1878 దాకా దక్షిణ భారతాన్ని పీడించిన ధాత కరువులో, అమెరికాలో భూముల సర్వే పని చేసి ఉన్న ఆయన, బకింగ్‌హాం కాలువలో సుమారు మూడున్నర మైళ్ల తవ్వకాన్ని ప్రభుత్వం నుంచి కాంట్రాక్టుగా తీసుకుని, ఆకలితో ఉన్న వేలాది మందికి పని కల్పించాడు. కూటి కోసం మతం మారారన్న మాట రాకూడదని కరువు కాలంలో బాప్తిస్మాలు నిలిపివేశాడు. ఆ తరువాత, 1878 జూలై 3న, ఒంగోలుకు ఉత్తరాన గుండ్లకమ్మ ఒడ్డున వెల్లంపల్లి వద్ద ఒక్కరోజే 2,222 మంది బాప్తిస్మం పొందారు. వారిలో అత్యధికులు మాదిగలు. నీటిలో దిగిన ఆ తరంలో పాత పేర్లూ కొనసాగాయన్నది ఇక్కడ గమనించవలసిన సంగతి: వారికి ముందే, 1866లో బాప్తిస్మం పొంది ఈ ఉద్యమానికి ఆద్యుడైన యెర్రగుంట్ల పేరయ్య చివరిదాకా పేరయ్యగానే ఉన్నాడు. బైబిలు పేర్లు విస్తారంగా వచ్చింది వారి పిల్లలకూ మనవలకూ.

ఆ తరాల తల్లిదండ్రులు హీబ్రూ అర్థం చూసి ఈ పేరు ఎంచుకున్నారనుకోవడం పొరపాటే. పల్లెల్లో దళితుల పేరు చివర అయ్య అని పలకడానికి పై కులాల నోరు రాని కాలమది. సుబ్బయ్య సుబ్బిగాడు అయ్యేవాడు, వెంకయ్య వెంకిగాడు అయ్యేవాడు. యోహాను అన్న పేరుకు ఊరి కులాల నిచ్చెనలో చోటు లేదు గనుక, అది ఏ పై కులపు వారి నుంచీ అరువు తెచ్చుకున్నది కాదు. ఈ పేరు ఇక్కడ నిలవడానికి దాని అర్థం కన్నా, కులపు ముద్ర లేని పేరు ఇచ్చిన గౌరవమే పెద్ద కారణమని భావించడం సమంజసం.

కాథలిక్కుల దారి ఇందుకు పూర్తిగా భిన్నం. తమిళదేశంలో పనిచేసిన జెస్యూట్ గురువులు కొన్ని పేర్ల ధ్వనిని వదిలి అర్థాన్నే పట్టుకున్నారు: యోహానుకు అరుళప్పర్ అన్నారు, తమిళంలో అరుళ్ అంటే కృప. చిన్నవాడు అనే అర్థమున్న పౌలు చిన్నప్ప అయ్యాడు; రాయి అనే అర్థమున్న పేతురు రాయప్ప అయ్యాడు, ఆ పేరులో తెలుగు చెవికి రాయి తేటగానే వినిపిస్తుంది. ఫిరంగిపురం వంటి పాత కాథలిక్కు కేంద్రాలున్న గుంటూరు సీమలో రాయప్ప, చిన్నప్పలతో పాటు, జేవియర్ నుంచి వచ్చిన శౌరి, ఇగ్నేషియస్ నుంచి వచ్చిన ఇన్నయ్య కూడా తెలుగు పేర్లుగానే చెల్లుతున్నాయి. 1971లో హైదరాబాద్ ఆర్చిబిషప్పు అయిన సామినేని అరుళప్ప పేరు ఈ కోవలోదే. కాల్వకు ఈ పక్క యోహానూ, ఫిరంగిపురం దాపున అరుళప్పా ఒకే పేరు కలవారన్నది ఇద్దరికీ తెలియకపోవచ్చు, కానీ హీబ్రూ వాక్యంలోని కనికరం రెండో పేరులోనే బతికి ఉంది.

ధ్వని ఒకటైనంత మాత్రాన మూలం ఒకటి కానక్కరలేదు. ఇదే జిల్లాల ముస్లిం కుటుంబాల్లోని జాన్‌బీ, జాన్‌సైదా వంటి పేర్లలో ఉన్నది ప్రాణం, ప్రియం అనే అర్థాలున్న పారశీక పదం. జానకిని ముద్దుగా జాను అనడం సంస్కృతం నుంచి వచ్చినది.

నేటి యోహానుల విషయానికి వస్తే, పేరు చట్టంతోనూ ముడిపడింది. షెడ్యూల్డు కులాలను నిర్ణయించిన 1950 నాటి రాష్ట్రపతి ఉత్తర్వు ఆ హోదాను మొదట హిందువులకు పరిమితం చేసింది, 1956లో సిక్కులకు, 1990లో బౌద్ధులకు విస్తరింపజేసింది, క్రైస్తవులకు మాత్రం ఇవ్వలేదు. ఆంధ్రప్రదేశ్‌లో షెడ్యూల్డు కులాల నుంచి క్రైస్తవం స్వీకరించినవారిని వెనుకబడిన తరగతుల సి విభాగంలో చేర్చారు. అందువల్ల షెడ్యూల్డు కులపు హోదా కోల్పోకుండా బాప్తిస్మం పేరు ఒకటి, సర్టిఫికెట్ పేరు మరొకటి ఉంచుకున్నవారు ఈ మైదానంలో ఎందరో ఉన్నారు. వారిని మోసగాళ్లుగా చూడడం న్యాయం కాదు: కులం పేరిట జరిగే వివక్ష చర్చి గుమ్మం దాటగానే ఆగిపోదు, రక్షణ మాత్రం పేరు దగ్గరే ఆగిపోతోంది. ఆదివారం ఆరాధనలో యోహానుగా నిలబడే మనిషి సోమవారం కార్యాలయంలో మరో పేరుతో సంతకం చేస్తాడు, రెండు పేర్లూ ఎరిగిన ఊరివారు ఆయన్ని ఇంటిపేరుతో పిలిచి పని జరుపుకుంటారు.