భావపురి వీధులలో చరిత్రపాఠము

బాపట్లలో చరిత్రపాఠమును నడచుచు చెప్పవచ్చును. ఉపాధ్యాయులు విద్యార్థులను వెంటబెట్టుకొని ఉదయముననే రథంబజారున బయలుదేరుదురుగాక! ఇరువైపుల అంగళ్ళున్నను, వీధికి పేరిచ్చినది రథమే.

అటనుండి భావనారాయణస్వామి ఆలయమునకు పోవలెను. స్వామి పేరిట వెలసిన భావపురియే వాడుకలో బాపట్ల యైనదందురు. ఇచటి ప్రాచీనగోపురము 2011 అక్టోబరులో కుప్పకూలెను. శతాబ్దుల కట్టడమునకు సైతము ఆయువు తీరునని ఆ పతనము తెలిపినది.

ఆలయమున వెలనాటి చోడులకాలపు, అనగా 12వ శతాబ్దినాటి, శిలాశాసనములు కలవు. అఖండదీపమునకు గొఱ్ఱెలను దానమిచ్చుట ఆకాలపు శాసనములలో పరిపాటి. దాత యిచ్చిన మందను కాపరి మేపవలెను. నేతిని గుడికి కొలువవలెను. ఒక్క దీపము వెనుక ఊరి బ్రతుకెల్ల కనబడును. గుడియు ఊరును ఒకదానినొకటి పోషించుకొనిన తీరిది.

తెలుగువారికి ప్రత్యేకరాష్ట్రము కావలెనన్న ఆలోచనకు వేదికయైన ప్రథమాంధ్రమహాసభయు 1913 మే నెలలో ఈ యూరనే జరిగినది. నలువది యేండ్లకు, 1953లో, ఆంధ్రరాష్ట్ర మవతరించినది.

చదువువారు లేనిచో ఱాతియక్షరము మూగవోవును. కూలిన గోపురమును శిల్పులు మరల కట్టగలరు. అరిగిపోయిన శాసనపంక్తిని పూరింపగలవా రెవరు? కావున ఉపాధ్యాయులారా! పిల్లలకు ప్రాచీనలిపిలో తమ పేరు వ్రాసికొనుటయైనను నేర్పుడు. పిదప వారిని ఆ ఱాళ్ళకడకు కొనిపొండు.