డాగోబెర్ట్: రాజు పేరు బాతుకెలా వచ్చింది?

జర్మనీలో ఏ పిల్లాణ్ణయినా ఆపి, "డాగోబెర్ట్ అంటే ఎవరు బాబూ?" అని అడగండి. డబ్బు కుప్పలో ఈత కొట్టే పిసినారి ముసలి బాతు అంటాడు. మనలో చాలామంది తొంభైల్లో ఆదివారం పూట దూరదర్శన్‌లో 'డక్‌టేల్స్' చూసినవాళ్ళమే. అందులో పొడుగు టోపీ పెట్టుకుని బంగారు నాణేల్లోకి దూకే అంకుల్ స్క్రూజ్ గుర్తున్నాడు కదా? జర్మన్లు, డచ్చివాళ్ళు అతనికి పెట్టుకున్న పేరే డాగోబెర్ట్ డక్.

ఫ్రాన్సుకెళ్ళి ఇదే ప్రశ్న వేస్తే రెండు జవాబులు వస్తాయి. లాగు తిరగేసి తొడుక్కున్న రాజు అని ఒకటి. కుక్క అని ఇంకోటి. ఎనిడ్ బ్లైటన్ రాసిన 'ఫేమస్ ఫైవ్' పిల్లల కథల్లో టిమ్మీ అనే కుక్క ఉంటుంది. ఫ్రెంచి అనువాదంలో దాని పేరు డాగోబెర్ట్.

ఇలా బాతుకీ కుక్కకీ మిగిలిన ఈ పేరు, 1400 ఏళ్ళ కిందట యూరప్‌లో ఒక పెద్ద రాజ్యాన్ని ఏలినవాడిది. ఇప్పుడు కొడుక్కి ఆ పేరు పెట్టుకునేవాళ్ళు అరుదు. ఎక్కడో ఫ్రాంకుల రాజుల పేర్ల గోల మనకెందుకు అంటారా? కాస్త ఆగండి. ఈ పేరు మోసినవాళ్ళలో ఒకడు చిన్నప్పుడే సముద్రం దాటి పరాయి దేశం పోయి, ఇరవై ఏళ్ళకు సొంతగడ్డ మీద అడుగుపెట్టాడు. అతని కథ వింటే మనకి ఎక్కడో తగులుతుంది.

రెండు ముక్కల పేరు

ఫ్రాంకులంటే రోమన్ల రాజ్యం కూలిపోయే రోజుల్లో ఇప్పటి ఫ్రాన్సు, బెల్జియం, పశ్చిమ జర్మనీ ప్రాంతాల్లో స్థిరపడిన జర్మానిక్ జాతి. ఫ్రాన్సు అన్న పేరు వాళ్ళనుంచి వచ్చిందే. వాళ్ళ పేర్లలో ఎక్కువ భాగం రెండు ముక్కలు అతికించినవి. మన ప్రభాకర్, దినకర్, ధనుంజయ లాంటివే అనుకోండి.

'డాగ్' అంటే పగలు, రోజు. ఇంగ్లీషు 'డే'కి తోబుట్టువు. 'బెర్ట్' అంటే వెలుగొందేది, ప్రకాశించేది. ఇంగ్లీషు 'బ్రైట్' కూడా ఆ మూలంలోంచే వచ్చింది. సంస్కృతంలో మెరవడం అనే అర్థం ఉన్న 'భ్రాజ' ధాతువుకీ దీనికీ దూరపు చుట్టరికం ఉందని భాషా శాస్త్రవేత్తలు చెబుతారు. రెండూ కలిపితే 'పగటి వెలుగు' అని చెప్పుకోవచ్చు.

ఈ 'బెర్ట్' మనకి కొత్తదేం కాదు. మన చర్చిల్లో బాప్తిస్మం తీసుకున్న రాబర్టులూ ఆల్బర్టులూ ఎంతమంది లేరు! రాబర్ట్ అంటే కీర్తితో వెలిగేవాడు, ఆల్బర్ట్ అంటే గొప్ప పుట్టుకతో వెలిగేవాడు. తోక ఒక్కటే, తల మారుతుంది.

ఫ్రాంకుల తొలి రాజవంశాన్ని మెరోవింజియన్లు అంటారు. వాళ్ళింట్లో పేర్లు చూస్తే యుద్ధం వాసన కొడుతుంది. సిగిబెర్ట్‌లో విజయం ఉంది, చిల్డెబెర్ట్‌లో పోరు ఉంది, చారిబెర్ట్‌లో సైన్యం ఉంది. ఆ కత్తుల మధ్య డాగోబెర్ట్ ఒక్కటే పొద్దు పొడిచినట్టు ఉంటుంది.

తాత పేరు మనవడికి పెట్టడం మన దగ్గర ఎలా ఉందో, వాళ్ళలోనూ అలాగే ఉండేది. అయితే వాళ్ళకి అది ప్రేమ ఒక్కటే కాదు, హక్కు కూడా. రాజుల ఇంట్లో తిరిగే పేరు పెట్టారంటే, "వీడు మా వాడు, వీడికి వాటా ఉంది" అని నలుగురిలో చెప్పినట్టే. అప్పట్లో ఇంటిపేర్లు లేవు. ఆ ఒక్క పేరే వంశాన్నీ వాటానీ మోయాలి.

మొదటివాడు పసిగుడ్డు

చరిత్రలో మనకి కనిపించే తొలి డాగోబెర్ట్ రాజు కాలేదు, అసలు పెరగనే లేదు. రాజు చిల్పెరిక్, రాణి ఫ్రెడెగుండ్‌ల చంటి కొడుకు వాడు. 580లో ఆ దేశమంతా రక్త విరేచనాల జబ్బు పాకింది. చంటివాడు మంచాన పడ్డాడు, తర్వాత వాడి అన్నకీ సోకింది. అప్పటికి జనం మీద కొత్త పన్నులు వేసి ఉన్నారు. పేదవాళ్ళ కన్నీళ్ళే మన పిల్లల్ని చంపుతున్నాయని తల్లి ఏడ్చి, పన్నుల చిట్టాలు తెప్పించి మంటల్లో వేసిందనీ, భర్త చేత కూడా వేయించిందనీ ఆ కాలపు చరిత్రకారుడు, టూర్స్ బిషప్ గ్రెగరీ రాశాడు. చిట్టాలు కాలిపోయాయి కానీ పిల్లలిద్దరూ దక్కలేదు.

నాలుగేళ్ళకి, 584లో, ఆ తల్లికే ఇంకో కొడుకు పుట్టాడు. వాడే రెండో క్లోథార్. పెద్దయి రాజయ్యాక తన కొడుకుల్లో ఒకడికి, తాను కళ్ళతో చూడని ఆ అన్న పేరే పెట్టాడు. అలా డాగోబెర్ట్ అన్న పేరు మళ్ళీ ఆ ఇంట్లో వినిపించింది.

తీర్పు చెప్పిన రాజు

ఈ రెండోసారి పుట్టిన పేరే మొదటి డాగోబెర్ట్‌గా చరిత్రకెక్కింది. 623లో తండ్రి అతన్ని తూర్పు భాగానికి రాజుని చేశాడు. 629లో తండ్రి పోయాక మిగతా రాజ్యం కూడా చేతికొచ్చింది. ఆ కాలపు ఫ్రెడెగార్ చరిత్ర ఒక ముచ్చట చెబుతుంది. కొత్తగా రాజయి బర్గండీ ప్రాంతానికి వెళ్తే పెద్దమనుషులు హడలిపోయారట, పేదలు సంబరపడ్డారట. తిండీ నిద్రా పక్కనబెట్టి, ఉన్నవాడికీ లేనివాడికీ ఒకే తీర్పు చెప్పాడట. అదే పుస్తకం తర్వాతి మాట కూడా దాచలేదు. పారిస్ చేరాక ఆస్తుల మీద ఆశ పుట్టిందనీ, ముగ్గురు రాణులు, లెక్కలేనంతమంది ఉంపుడుగత్తెలు అయ్యారనీ రాసింది.

అతని కొలువులో ఎలోయి అనే కంసాలి ఉండేవాడు. బంగారం పనిలో నిజాయితీ చూపించి రాజుకి దగ్గరయ్యాడు, నాణేల ముద్రణ చూశాడు, 641లో బిషప్ అయ్యాడు. కంసాలి, కమ్మరి పనివాళ్ళు ఇప్పటికీ ఆయన్ని తమ పునీతుడిగా కొలుస్తారు.

639లో డాగోబెర్ట్ పోతే పారిస్ పక్కన సెయింట్ డెనీ మఠంలో పూడ్చారు. తర్వాత ఎన్నో వందల ఏళ్ళు ఫ్రాన్సు రాజులకు అదే శ్మశానమయింది. అతని సింహాసనమని చెప్పుకునే కంచు కుర్చీ ఇప్పటికీ పారిస్‌లో జాతీయ గ్రంథాలయం వారి దగ్గర ఉంది. 1804లో నెపోలియన్ సైనికులకు పతకాలిచ్చేందుకు ఆ కుర్చీనే తెప్పించి కూర్చున్నాడు. అంటే 1100 ఏళ్ళు దాటినా ఆ పేరుకి బరువు పోలేదన్నమాట.

సముద్రం దాటిన మనవడు

ఇక అసలు కథ. ఈ రాజుకి మనవడు పుడితే తాత పేరే పెట్టారు. పిల్లాడు చిన్నగా ఉండగానే 656 ప్రాంతంలో తండ్రి మూడో సిగిబెర్ట్ చనిపోయాడు. అప్పట్లో రాజు ఇంటి వ్యవహారాలు చూసే పెద్దను 'మహలు పెద్ద' అనొచ్చు. ఆ పదవిలో ఉన్నవాడు గ్రిమోఆల్డ్. పిల్లాడికి రావలసిన గద్దె మీద అతని కన్ను పడింది.

మెరోవింజియన్ రాజులకు పొడుగు జుట్టే గుర్తు. జుట్టు కత్తిరిస్తే రాచరికం పోయినట్టే. గ్రిమోఆల్డ్ పిల్లాణ్ణి చంపలేదు. గుండు కొట్టించి, పొయిటియర్స్ బిషప్ చేత ఐర్లండ్ పంపించేశాడు. గద్దె మీద తన కొడుకునే కూర్చోబెట్టాడు. ఏ పేరుతోనో తెలుసా? చిల్డెబెర్ట్. అది రాజుల ఇంట్లో తిరిగే పేరు. చరిత్రకారులు అతన్ని 'దత్త చిల్డెబెర్ట్' అని పిలుస్తారు. పేరుగలవాణ్ణి దేశం దాటించి, ఆ ఇంటి పేరుతో మరొకణ్ణి కూర్చోబెట్టారు. ఎక్కువ కాలం నిలవలేదు. గ్రిమోఆల్డ్‌ని పట్టుకుని పారిస్‌లో చంపేశారు. కానీ గద్దె పక్క శాఖవాళ్ళకి పోయింది. ఐర్లండ్‌లో ఉన్న పిల్లాణ్ణి ఎవరూ పిలవలేదు.

ఏళ్ళు గడిచాయి. 675లో అక్కడి రాజు హత్యకు గురయ్యాక దేశం అల్లకల్లోలమైంది. అప్పుడు చుట్టాలకీ పాత స్నేహితులకీ ఓ కబురు అందింది. ఓడల్లో వచ్చిపోయేవాళ్ళు చెప్పారట, డాగోబెర్ట్ బతికే ఉన్నాడనీ, మంచి వయసులో ఉన్నాడనీ. ఫోన్లు లేని ఆ రోజుల్లో అదే వాళ్ళ మిస్డ్ కాల్. వాళ్ళు ఇంగ్లండులో యార్క్ బిషప్ విల్ఫ్రిడ్‌ని బతిమాలారు. ఆయన ఐర్లండ్ నుంచి అతన్ని రప్పించి, ఆయుధాలూ మనుషులూ ఇచ్చి, దర్జాగా సొంతగడ్డకు పంపాడు. ఇది 676లో జరిగింది.

పోయినప్పుడు గుండు కొట్టిన పిల్లాడు, వచ్చేటప్పటికి పెద్ద మగాడు. ఇరవై ఏళ్ళు వేరే గాలి పీల్చి, వేరే మాటల మధ్య పెరిగాడు. ఊళ్ళో అతని మొహం ఎంతమంది గుర్తుపట్టగలరు? గద్దె లేదు, సైన్యం లేదు. ఓడవాళ్ళ నోట సముద్రం దాటి వచ్చింది అతని పేరొక్కటే. ఆ పేరు వినే చుట్టాలు కదిలారు.

కథ ఇక్కడ ఆగితే బాగుండేది. రెండో డాగోబెర్ట్ మూడేళ్ళే ఏలాడు. 679 డిసెంబరు 23న స్టెనే ఊరి దగ్గర అడవిలో అతన్ని చంపారు. విల్ఫ్రిడ్ మేలు మాత్రం మరిచిపోలేదు. ఆ ఏడాదే ఆయన రోముకు వెళ్తూ వస్తే ఆదరించి, స్ట్రాస్‌బర్గ్ బిషప్ పదవి తీసుకొమ్మన్నాడు. విల్ఫ్రిడ్ తిరుగు ప్రయాణంలో వచ్చేసరికి రాజు లేడు. ఇతన్ని ఎందుకు తెచ్చి మా నెత్తిన పెట్టావని ఒక ఫ్రాంకు బిషప్ దారిలో ఆపి నిలదీశాడు. స్టెనేలో జనం మాత్రం చనిపోయిన రాజుని పునీతుడిగా కొలుచుకున్నారు.

లూయీ బతికింది, డాగోబెర్ట్ ఆగింది

ఆ తర్వాత మూడో డాగోబెర్ట్ 711 నుంచి 715 దాకా పేరుకి రాజు. పెత్తనం మహలు పెద్దలదే. 751లో చివరి మెరోవింజియన్ రాజుకి గుండు కొట్టించి మఠానికి పంపారు. మహలు పెద్ద పెపిన్ తానే రాజయ్యాడు.

కొత్త వంశానికి పాత వంశం గౌరవం కావాలి. అందుకే పెపిన్ కొడుకు షార్లమేన్, 778లో కవలలు పుడితే వాళ్ళకి లూయీ, లోథార్ అని పేర్లు పెట్టాడు. పాత రాజులు క్లోవిస్, క్లోథార్‌ల పేర్లే అవి, పలుకుబడి మారింది అంతే. లోథార్ పసితనంలోనే పోయాడు. లూయీ చక్రవర్తి అయ్యాడు. అక్కణ్ణుంచి ఆ పేరు ఫ్రాన్సులో పద్దెనిమిదో లూయీ దాకా నడిచింది. డాగోబెర్ట్‌ని ఎవరూ ఎత్తుకోలేదు. 715 తర్వాత ఆ పేరుతో ఫ్రాంకులకు రాజు లేడు. రాజులు వదిలేసిన పేరుని జనమూ మెల్లగా వదిలేశారు.

పూర్తిగా చచ్చిపోలేదు లెండి. స్ట్రాస్‌బర్గ్‌లో 1724లో పుట్టి, ఆస్ట్రియా సైన్యాధిపతి అయి, 1797లో మాంటువా కోటను నెపోలియన్ సేనకు అప్పగించిన వుర్మ్‌సర్ పేరు డాగోబెర్టే. ఇక లాగు తిరగేసుకున్న రాజు, మర్యాదగా చెప్పి సరిదిద్దే ఎలోయి కనిపించే పాట 18వ శతాబ్దంలో పుట్టింది. అసలు రాజు పోయిన వెయ్యేళ్ళకు! ఆ పాటే ఇప్పటికీ ఫ్రెంచి పిల్లల నోట్లో ఉంది. తర్వాత కుక్క, బాతు వచ్చాయి.

మన పేర్ల సంగతి

పలకడంలోనూ ఆ పేరు ఒక్కచోట ఒక్కలా లేదు. జర్మన్లు చివరి 'ట'ని గట్టిగా అంటారు. ఫ్రెంచివాళ్ళు దాన్ని మింగేసి 'దగొబేర్' అంటారు. అరబ్బీలో 'గ' లేదు కాబట్టి 'దాఘోబెర్త్' అని రాస్తారు. గల్ఫ్‌లో ఉన్నవాళ్ళకి ఇది చెప్పక్కర్లేదు. అరబ్బీలో 'ప' కూడా లేదు. పోశెట్టి 'బోశెట్టి' అవుతాడు, ప్రసాద్ 'బ్రసాద్' అవుతాడు. ఇంటిపేరు ముందు రాసే మనకి, పాస్‌పోర్టులో ఏ గడిలో ఏది పడిందో చూసుకోవడం ఇంకో తిప్ప. ఒకే పేరున్న పాస్‌పోర్టుతో విజిట్ వీసా మీద రాకూడదని యూఏఈ 2022 నవంబరులో నిబంధన పెట్టింది. ఇంటిపేరు లేని డాగోబెర్ట్ మహారాజుని కూడా అప్పుడైతే ఎయిర్‌పోర్టులోనే ఆపేసేవాళ్ళు!

బారసాల అనండి, తొట్టెల పండుగ అనండి, మనలో ఎంతోమంది కొడుకు పేరు ఫోన్లోనే విన్నవాళ్ళం. "నాయన పేరు పెట్టుండ్రి" అని ఇక్కడ్నుంచే చెప్పినవాళ్ళం. ఆ మాట చిన్నదేం కాదు. వాడు మా వాడు, వాడికి ఇక్కడ వాటా ఉంది అని చెప్పడమే అది. సూపర్‌వైజర్ ఎలా పిలిచినా, కార్డు మీద ఏ అక్షరం తప్పుపడినా, ఊళ్ళో మనకోసం ఎదురుచూసేవాళ్ళు సరిగ్గా పలికే పేరు ఒకటుంది. ఈ శుక్రవారం ఇంటికి మాట్లాడేటప్పుడు పెద్దవాళ్ళని అడగండి, మీకు ఆ పేరు ఎవరిని తలుచుకుని పెట్టారో. చెప్పేవాళ్ళు ఉండగానే అడిగి, పిల్లలకి కూడా చెప్పండి.