'బ్లాసమ్' హాస్యధారావాహికలో ఒంటరి తండ్రి: తల్లి నిష్క్రమణ కలిగించిన మార్పు

అమెరికన్ టెలివిజన్ హాస్యధారావాహికలకు తల్లి లేని ఇల్లు కొత్త కాదు. 1960లో మొదలైన 'ది ఆండీ గ్రిఫిత్ షో', 'మై త్రీ సన్స్', 1987లో మొదలైన 'ఫుల్ హౌస్' - మూడింటిలోనూ తండ్రి భార్యను కోల్పోయినవాడే. భార్య మరణించింది కనుక అతడి ఒంటరితనానికి కారణం ఎవరూ అడగరు. ప్రేక్షకుల సానుభూతి అతడికి ముందుగానే లభిస్తుంది. ఎన్.బి.సి.లో 1991 జనవరి నుండి 1995 మే వరకు ప్రసారమైన 'బ్లాసమ్' ఈ వెసులుబాటును వదులుకొన్నది. ఇందులో తల్లి మ్యాడీ సజీవంగానే ఉంది. గాయనిగా తన జీవితాన్ని వెతుక్కొంటూ భర్తనూ పిల్లలనూ విడిచి పారిస్ వెళ్లిపోయింది.

డాన్ రియో దీనిని మొదట ఇలా రూపొందించలేదు. 1990 జులైలో ప్రసారమైన పైలట్ భాగంలో తల్లిదండ్రులు ఇద్దరూ ఉన్నారు. ధారావాహికగా మారేటప్పుడు తల్లిని ఇంటి నుండి తప్పించారు. కథకు బలం చేకూర్చినది ఈ మార్పేనని నా అభిప్రాయం.

ఆ బలం తొలి భాగంలోనే కనబడుతుంది. కౌమారంలో అడుగుపెట్టిన బ్లాసమ్ (మయీమ్ బియాలిక్) రజస్వల అవుతుంది. ఇంట్లో ఉన్నవారు తండ్రి నిక్, ఇద్దరు అన్నలు. ఈ మాట చెప్పుకోవడానికి ఆమెకు అమ్మ కావాలి. అందుకే ఊహలో ఒక ఆదర్శమాతను సృష్టించుకొంటుంది. ఆ పాత్రలో కనిపించినది ఫిలీషియా రషాద్. 'ది కాస్బీ షో'లోని తల్లిగా అప్పటికే ఇంటింటా పరిచితురాలు. లేని తల్లి స్థానాన్ని మరో ధారావాహికలోని తల్లితో నింపుకోవలసి రావడంలో హాస్యం ఎంతో, వెలితి అంతే. కూతురి లోటు తండ్రి అసమర్థత వల్ల ఏర్పడినది కాదు. అయినా దానిని తీర్చడం అతడి చేతిలో లేదు.

నిక్ కూడా సంగీతకారుడే. ఒకే కళను నమ్ముకొన్న దంపతులలో భార్య వెళ్లింది, భర్త పిల్లలతో మిగిలాడు. కళ కోసం ఇల్లు విడిచిన పురుషుడు మనకు పాత్రగా సుపరిచితుడే (అతడి పిల్లలను ఎవరు పెంచారన్న ప్రశ్న మాత్రం కథలలో అరుదు). ఇక్కడ ఆ ప్రశ్నే కథావస్తువయింది. పైగా తాత బజ్ మ్యాడీకి తండ్రి. కూతురు విడిచిన సంసారాన్ని ఆయన విడువలేదు.

అయితే మ్యాడీ నిర్ణయాన్ని ఆమె వైపు నుండి చూపే శ్రద్ధ ధారావాహికలో తక్కువే. రెండవ అన్న జోయీ మందబుద్ధిపై పుట్టే నవ్వులకు దొరికినంత చోటు నిక్ కోపానికి దొరకలేదు. మాదకద్రవ్యాల వ్యసనం నుండి కోలుకొంటున్న పెద్దకొడుకు ఆంథొనీని పక్కన పెట్టుకొని కూడా నిక్ చాలావరకు శాంతమూర్తిగానే కనిపిస్తాడు.