బోనులో కుందేలు, మెట్టలో కుందేలు

విజయవాడలో పెంపుడు జంతువుల దుకాణాల ముందు ఇనుప బోనుల్లో అమ్మకానికి ఉండే తెల్ల కుందేలునూ, నగరానికి వాయవ్యంగా ఉన్న కొండపల్లి అడవుల్లోనూ మైలవరం, నూజివీడు మెట్టల్లోనూ తిరిగే గోధుమవన్నె అడవి కుందేలునూ జనం ఒకే పేరుతో పిలిచినా, జంతుశాస్త్రం వాటిని ఒకే కుటుంబంలోని రెండు వేర్వేరు ప్రజాతులుగా లెక్కిస్తుంది. పెంపుడు కుందేలు ఓరిక్టోలేగస్ ప్రజాతికి చెందినది. దాని పూర్వికులు నేటి స్పెయిన్, పోర్చుగల్ ప్రాంతపు అడవి కుందేళ్లు. మన అడవి కుందేలు లెపస్ ప్రజాతిది. మెడ వెనుక నల్లని మచ్చ దాని గుర్తు. మొదటిదాని కణాల్లో 44 క్రోమోజోములు, అంటే వంశ లక్షణాలను మోసే పోగులు ఉండగా, రెండోదాని ప్రజాతిలో 48 ఉంటాయి; ఈ రెంటి కలయికతో సంకరజాతి పుట్టదు.

రెండూ ఎలుకల జాతివే అన్న అభిప్రాయం కూడా సరికాదు. పై దవడలో ముందున్న పెద్ద కొరుకుడు పళ్ల వెనుక మరో చిన్న పళ్ల జత దాగి ఉండటం వల్ల శాస్త్రజ్ఞులు వీటిని ఎలుకల నుంచి విడదీసి లాగోమార్ఫా అనే ప్రత్యేక క్రమంలో చేర్చారు. గడ్డిలోని పీచు ఒక్కసారికి అరగదు కనుక, పేగుల్లోని అంధనాళంలో పులిసి వచ్చే మెత్తని పెంటికలను ఇవి తిరిగి తిని అందులోని పోషకాలను రాబట్టుకుంటాయి. పెంచుకునేవారు దీన్ని చూసి రోగమనుకొని కంగారుపడనక్కర్లేదు.

ఈ రెంటి మధ్య అసలు తేడా పుట్టుకలో ఉంది. పెంపుడు కుందేలు సుమారు 31 రోజులు చూలుతో ఉండి, ఈనే ముందు తన పొట్టమీది బొచ్చు తానే పీక్కొని గూడులో మెత్తగా పరుస్తుంది. ఎందుకంటే పుట్టే పిల్లలకు ఒంటిమీద వెంట్రుక ఉండదు, కళ్లు తెరుచుకోవు, అవి తెరుచుకోవడానికి సుమారు పది రోజులు పడుతుంది. ఆ పిల్లలను దాచడానికి దాని జాతి అడవిలో నేలలోపల బొరియలు తవ్వి గుంపులుగా బతుకుతుంది. అడవి కుందేలు బొరియ తవ్వదు. గడ్డిదుబ్బు చాటున ఒంటిమేరకు సరిపడే చిన్న పల్లం చేసుకొని, చెవులు వీపుకు ఆనించి పగలంతా అక్కడే కదలకుండా పడుకుంటుంది. సుమారు ఆరు వారాలు కడుపులో ఎదిగిన దాని పిల్ల ఒళ్లంతా బొచ్చుతో, తెరిచిన కళ్లతో పుట్టి, కొద్దిసేపటికే కదలగలుగుతుంది. తల్లి పగలు పిల్లల దగ్గర ఉండదు; తన వాసన పట్టుకొని నక్క రాకుండా దూరంగా ఉండి, పొద్దుగూకాక వచ్చి పాలిచ్చి వెళ్లిపోతుంది.

ఇలా నేలమీదనే బతికే జీవికి కృష్ణా డెల్టాలో సార్వా వరి కాలమంతా నీరు నిలిచే మడి అనుకూలం కాదు; గట్టునేల, పొదలు, మామిడితోటలు ఉన్న మెట్టే దాని చోటు. తలదాచుకోవడానికి బొరియ లేదు కనుక దానికి కాళ్లే దిక్కు. అందుకే పొడవైన వెనుక కాళ్లు, ఒంటి బరువుతో పోలిస్తే పెద్ద గుండె దానికి అమరాయి; పెంపుడు కుందేలు బంధువులు మాత్రం బొరియ దాకా కొద్ది దూరం పరుగెత్తగలిగితే చాలు.

పెంపుడు కుందేళ్లలో కనిపించే రకాలన్నీ ఒకే జాతి నుంచి మనిషి ఎంపికతో వచ్చినవే: కిలో బరువుండే నెదర్లాండ్ డ్వార్ఫ్, ఆరేడు కిలోలు తూగే ఫ్లెమిష్ జెయింట్, మాంసానికి పెంచే న్యూజిలాండ్ వైట్, సోవియట్ చించిల్లా, ఉన్నికోసం పెంచే అంగోరా. న్యూజిలాండ్ వైట్ పేరు అలా ఉన్నా రూపుదిద్దుకున్నది అమెరికాలో. పేర్లు ఇంకా చిక్కు పెడతాయి: అమెరికా వారి జాక్‌రాబిట్ నిజానికి లెపస్ ప్రజాతిది, బెల్జియన్ హేర్ అనేది పెంపుడు రకం.

అంగోరాను మన దేశంలో హిమాచల్‌ప్రదేశ్‌లోని కులూ లోయ వంటి చల్లని చోట్ల పెంచుతారు. మాంసపు రకాలపై పరిశోధించే కేంద్రం కొడైకెనాల్ దగ్గరి మన్నవనూరులో ఉంది. చలిప్రాంతాలను ఎంచుకోవడానికి కారణం ఉంది: కుందేలుకు చెమట పట్టదనే చెప్పాలి, ఒంటి వేడిని ప్రధానంగా చెవుల ద్వారానే వదులుతుంది. 40 డిగ్రీలు దాటే విజయవాడ ఎండాకాలంలో రేకుల కప్పు కింద బోనులో ఉంచితే దాని ప్రాణం నిలవడం కష్టం. నీడ, గాలి, ఎప్పుడూ అందే చన్నీళ్లు, బోను మీద తడి గోనెపట్టా లేనిదే ఈ ఊళ్లో కుందేలును పెంచడానికి పూనుకోకూడదు.

పెంచలేక పెంపుడు కుందేలును పొలంలో వదిలేయడం కూడా తప్పే. ఇక్కడి మెట్టల్లో అది కుక్కలపాలు కావచ్చు. లేదా బతికి విస్తరించి హాని చేయనూ వచ్చు: 1859లో ఆస్ట్రేలియాలో వేటకోసం కొన్ని కుందేళ్లను వదిలితే అవి ఖండంలో చాలా భాగానికి వ్యాపించి పంటలనూ పచ్చికనూ నాశనం చేశాయి. ఇక అడవి కుందేలుకు 1972 నాటి వన్యప్రాణి సంరక్షణ చట్టం రక్షణ ఉంది. ఉచ్చులు పన్నడం, రాత్రిళ్లు బ్యాటరీ లైటు వేసి కొట్టడం నేరం. పొలం గట్టున కళ్లు తెరిచి ఒంటరిగా పడుకున్న పిల్ల కనిపిస్తే తల్లి లేనిదనుకొని ఇంటికి తీసుకుపోవద్దు. దాన్ని ముట్టుకోకుండా, కుక్కను దూరంగా తోలి, ఉన్నచోటనే ఉండనివ్వండి.