కాలిపోవడానికే కట్టిన కోట!

ఫ్యూజీ పర్వతం వాలు మీద ఒక కోట. బొమ్మ కోట కాదు, నిలువెత్తు కోట! కెమెరాలన్నీ సిద్ధం. నిప్పు పెట్టేశారు. ఆ మంటల్లోంచి, మతి చలించిన ముసలి ప్రభువు వేషంలో తత్సుయా నకదాయ్ మెట్లు దిగి రావాలి. అడుగు తడబడితే? రెండో టేకు లేదు. తీద్దామన్నా కోటే మిగలదుగా!

అకిరా కురొసావా తీసిన 'రాన్' (1985) చూసినవాళ్ళు ఈ దృశ్యాన్ని మరచిపోలేరు. దర్శకుడెవరంటే టక్కున చెప్తాం. హీరో ఎవరన్నా చెప్తాం. మరి ఆ కోట కట్టిందెవరు? అక్కడే తల గోక్కుంటాం!

ఆయనే కళాదర్శకుడు యొషిరో మురాకి. 1924లో పుట్టారు. కురొసావా 'డ్రంకెన్ ఏంజెల్' (1948)కి కళాశాఖలో సహాయకుడిగా చేరి, 'ఐ లివ్ ఇన్ ఫియర్' (1955)తో పూర్తిస్థాయి కళాదర్శకుడయ్యారు. అక్కణ్ణుంచి కురొసావా చివరి చిత్రం 'మదదయో' (1993) దాకా, సోవియట్ రష్యాలో తీసిన 'డెర్సు ఉజాలా' ఒక్కటి తప్ప, ఆ దర్శకుడి సినిమాలన్నిటికీ మురాకియే!

'మాక్‌బెత్' కథతో తీసిన 'థ్రోన్ ఆఫ్ బ్లడ్' (1957) సంగతి వినండి. కోటని ఫ్యూజీ మీదే ఎందుకు కట్టారంటారా? అక్కడి నల్లమట్టి కోసం, పొగమంచు కోసం! దగ్గర్లో మకాం వేసిన అమెరికన్ సైనికులు కూడా ఓ చెయ్యి వేశారట. కోట లోపలి ఆవరణని మాత్రం టోక్యోలోని స్టూడియోలో వేశారు. అక్కడి నేల రంగు తేడాగా కనిపిస్తే ఎలా? అందుకని ఫ్యూజీ మట్టినే అక్కడికి మోయించారు! ఇక 'రెడ్ బియర్డ్' (1965)లో ఆస్పత్రి పాతదిగా కనిపించాలి. రంగు పూసి సరిపెట్టలేదు. కాలానికి నలిగిన పాత కలపనే తెచ్చి కట్టారు. తెరమీద చూస్తుంటే అది సెట్టని అనిపిస్తుందా చెప్పండి!

మరి బహుమతులో? 'యొజింబో'కి దుస్తుల రూపకల్పనలో, 'తోరా! తోరా! తోరా!', 'కాగెముషా', 'రాన్' చిత్రాలకి కళాదర్శకత్వంలో... నాలుగుసార్లు ఆస్కార్ గుమ్మందాకా వెళ్ళారు. 'రాన్' నామినేషన్‌లో ఆయన శ్రీమతి షినోబు పేరు కూడా ఉంది. ఆవిడా కళాదర్శకురాలే! ఆ చిత్రం దుస్తులకి ఎమి వాడా ఆస్కార్ అందుకున్నారు. మురాకికి మాత్రం ఒక్కసారీ రాలేదు.

ఆయన పని ఆపారా? లేదు. 1998లో కురొసావా కన్నుమూశారు. ఆయన రాసి ఉంచిన స్క్రిప్టుని శిష్యుడు తకాషి కొయిజుమి 'ఆఫ్టర్ ది రెయిన్' (1999)గా తీస్తే, సెట్లు వేసింది మళ్ళీ మురాకియే! 2009లో ఆయనా వెళ్ళిపోయారు.

ఫ్యూజీ వాలు మీది ఆ కోట ఏనాడో బూడిదైంది. కానీ 'రాన్' ఆడిన ప్రతిసారీ అది మళ్ళీ లేస్తుంది, మళ్ళీ కాలుతుంది. ఈసారి చూసేటప్పుడు టైటిల్స్‌కి ముందే వెళ్ళి కూర్చోండి. ఆ పేరు కనిపిస్తుంది!