డిస్కు అరిగినా ఆట మిగలాలి

హైదరాబాద్‌లో ప్రయాణికుల విమానాలు బేగంపేట నుంచి శంషాబాద్‌కు తరలింది 2008 మార్చిలో. మరుసటి ఏడాదే ఆ నగరంలోనే తయారైన రెండు గేములు సోనీ గేమింగ్ యంత్రం ప్లేస్టేషన్-2 మీదికి వచ్చాయి. అరోనా టెక్నాలజీస్ వారి 'హనుమాన్: బాయ్ వారియర్' పూర్తిగా మన దేశంలోనే రూపొందిన తొలి ప్లేస్టేషన్-2 గేముగా పేరు పొందింది. గేమ్‌శాస్త్ర వారి 'దేశీ అడ్డా'లో కబడ్డీ, గిల్లీదండా ఆడొచ్చు. బేగంపేట రన్‌వే ఇవాళ్టికీ కళ్లముందే ఉంది. ఈ గేములకు మాత్రం గీతలు పడే డిస్కే దిక్కు. వాటిని అసలు యంత్రం మీదే బతికించే దారి అభిమానులు ఉచితంగా రాసిన సాఫ్ట్‌వేరులో ఉందని నా నమ్మకం.

2000లో జపాన్‌లో పుట్టిన ప్లేస్టేషన్-2 పదిహేను కోట్లకు పైగా అమ్ముడైంది. 2013కల్లా తయారీ ఆగిపోయింది. ఇందులో తరచు ముందుగా మొరాయించేది చిప్పు కాదు, డిస్కును చదివే లేజరు. డిస్కు గిర్రున తిరుగుతుంది, ఆగుతుంది, మళ్లీ తిరుగుతుంది, తెర మీద మాత్రం ఆట రాదు. ఈ యంత్రానికి ఒక అలవాటుంది: ఆన్ చేయగానే మెమరీ కార్డులో సోనీ అప్‌డేటు ఏదైనా ఉందా అని వెతుకుతుంది. 2008లో వచ్చిన ఫ్రీ మెక్‌బూట్ అనే అభిమానుల సాఫ్ట్‌వేరు సరిగ్గా ఆ అప్‌డేటు వేషంలోనే 8 మెగాబైట్ల కార్డులో కూర్చుంది. మూత విప్పక్కర్లేదు, టంకం పెట్టక్కర్లేదు. చివరి మోడళ్లలో సోనీ ఈ దారి మూసేసింది. ఫ్రీ మెక్‌బూట్ వెనకే వచ్చి, దాని ద్వారా నడిచే ఓపెన్ పీఎస్2 లోడర్ పని ఇంకా ముచ్చటైనది. డిస్కులోని ఫలానా సెక్టారు కావాలని గేము అడుగుతుంది. ఆ కబురు డ్రైవుకు చేరేలోపే లోడర్ అందుకుని, పెన్‌డ్రైవు నుంచో హార్డ్‌డిస్కు నుంచో ఆ ముక్క తెచ్చిస్తుంది. అయితే ఆ కాలపు యూఎస్‌బీ సెకనుకు ఒకటిన్నర మెగాబైట్లు దాటదు, డీవీడీ డ్రైవు అయిదు దాకా ఇస్తుంది. అందుకే పెన్‌డ్రైవు మీద వీడియో దృశ్యాలు తడబడతాయి. హార్డ్‌డిస్కుతో ఆ ఇబ్బంది తీరుతుంది.

ఇలా డిస్కు లేకుండా ఆడటం దొంగ కాపీలకు తలుపు తీయడమేనని కొందరంటారు. అలా వాడేవారున్న మాట నిజం, అది తప్పే. కానీ మన 1957 కాపీరైటు చట్టం 52వ సెక్షన్, కంప్యూటర్ ప్రోగ్రామును న్యాయంగా పొందినవారు అది పోకుండా, పాడవకుండా తాత్కాలిక రక్షణగా బ్యాకప్ తీసుకోవచ్చంటోంది. 2012 సవరణ కూడా హక్కులను ఉల్లంఘించే ఉద్దేశంతో డిజిటల్ తాళం పగలగొట్టడాన్నే నేరమంది. కొన్న డిస్కుకు తీసుకున్న కాపీని వీటి వెలుగులోనే చూడాలి. కంప్యూటరులో పాత యంత్రాన్ని అనుకరించే ఎమ్యులేటర్లున్నాయి కదా అంటే, వాటికీ డిస్కులోని సమాచారమే ఆధారం. హనుమాన్, దేశీ అడ్డా గేముల అసలు డిస్కులు మీ ఇంటి అటక మీద ఉంటే దించి చూడండి. చదవగలిగే స్థితిలో ఉండగానే బ్యాకప్ తీయండి. అందుకు మామూలు కంప్యూటరు డీవీడీ డ్రైవు చాలు.