బువ్వ దగ్గర పెత్తనం

పుట్టినప్పుడు మూడు కిలోలున్న బిడ్డ ఏడాది నిండేసరికి దాదాపు మూడింతల బరువు తూగుతుంది గాని, రెండో ఏట పెరిగేది సుమారు రెండు, రెండున్నర కిలోలే కాబట్టి ఎదుగుదల వేగంతోపాటు ఆకలీ మందగిస్తుంది. ఫుడ్ నియోఫోబియా అని శాస్త్రజ్ఞులు పిలిచే గుణం, అంటే కొత్త రుచి పట్ల పిల్లలకు సహజంగా ఉండే జంకు, బలపడేదీ 'వద్దు' అన్న మాట నోట పలికేదీ కూడా ఇంచుమించు ఆ ఈడులోనే.

తెలుగిళ్లలో ఈ సహజమైన మార్పు తరచూ తల్లి పెంపకానికి పరీక్షగా మారుతుంది. 'బిడ్డ చిక్కిపోయింది' అని చుట్టాలు అన్న ఒక్క మాటకు నాయనమ్మ దిష్టి తీస్తే, తండ్రి సెల్‌ఫోన్‌లో బొమ్మలు పెడతాడు, తల్లి గిన్నె ఖాళీ అయ్యేదాకా వెంటపడుతుంది. ఇంతమందిని తన చుట్టూ తిప్పుకోగల శక్తి మూసిన పెదవుల్లో ఉందని గ్రహించిన పసివాడు దాన్ని వదులుకోకపోవడంలో వింతేమీ లేదు.

అమెరికన్ వైద్యురాలు క్లారా డేవిస్ 1920లలో మొదలుపెట్టి 1939లో వివరించిన ప్రయోగంలో, పాలు మాన్పించే వయసున్న 15 మంది పిల్లల ముందు 34 రకాల పదార్థాల నుంచి పూటకు కొన్నింటి చొప్పున ఉంచి, ఏది తినమనీ చెప్పకుండా వదిలేస్తే, పూటపూటకూ చిత్రమైన ఎంపికలు చేసినా అందరూ ఆరోగ్యంగా ఎదిగారు; అయితే ఆ పదార్థాల్లో పంచదార, మిఠాయిల వంటివి లేవన్న సంగతిని ఈ ప్రయోగాన్ని ఉదహరించేవారు తరచూ విస్మరిస్తారు. బలవంతం ఫలితం ఇందుకు భిన్నం: 2006లో వెలువడిన మరో అమెరికన్ అధ్యయనంలో, సూప్ తాగేయమని పదేపదే చెప్పిన రోజుల కంటే ఊరుకున్న రోజుల్లోనే పిల్లలు ఎక్కువ తాగారు.

ఏమి, ఎప్పుడు, ఎక్కడ పెట్టాలన్నది పెద్దలు, తినాలా వద్దా, ఎంత తినాలన్నది బిడ్డ నిర్ణయించాలని పోషకాహార నిపుణురాలు ఎలిన్ శాటర్ చేసిన బాధ్యతల విభజన ఈ పేచీకి మెరుగైన పరిష్కారంగానే కనిపిస్తుంది. గోరుముద్దలు దీనికి అడ్డేమీ కావు. ముద్ద ముద్దకూ ఆగి, బిడ్డ నోరు తెరిచిందో ముఖం తిప్పుకుందో గమనిస్తే చాలు. అసలు చిక్కల్లా భోజనానికి గంట ముందు ఎవరో ఒకరు చేతికిచ్చే బిస్కెట్టుతోనూ, రోజుకు అర లీటరు దాటి పట్టించే పాలతోనూ వస్తుంది.

బరువు తగ్గుతున్నా, అంగన్‌వాడీ ఎదుగుదల పట్టికలో గీత కిందికి జారుతున్నా, మింగలేక పొలమారుతున్నా, వాంతులు ఆగకున్నా అది మారాం కాకపోవచ్చు గనుక పిల్లల వైద్యునికి చూపించాలి.